పిల్లి కన్ను మెరవాలి, పాప కన్ను మెరవకూడదు

ప్రశ్న: మాది నెల్లూరు జిల్లా అల్లూరు దగ్గర పల్లె. మా ఆయన రొయ్యల గుంటల కాడ రాత్రి కాపలా ఉంటాడు. సాయంత్రం అన్నం క్యారేజీ ఇచ్చి, చీకటి పడ్డాక తిరిగొస్తుంటాను. టార్చి వేస్తే దారిలో బర్రెల కళ్ళు, గట్టు మీద మా పిల్లి కళ్ళు పచ్చగా వెలుగుతాయి. రొయ్యలు మేత తిన్నాయో లేదో చూసే చెక్ ట్రే పైకి లాగితే వాటి కళ్ళు ఎర్రగా నిప్పుల్లా ఉంటాయి. మా అత్త ఆ పిల్లి కళ్ళలో దీపం ఉందనీ, పసిబిడ్డ ఉన్న ఇంట్లో అది ఉండకూడదనీ, తరిమేయమనీ పోరుతోంది. నిజంగానే వాటి కళ్ళలోంచి వెలుతురు వస్తుందా? మన కళ్ళు ఎందుకు మెరవవు? పాము కళ్ళు కూడా మెరుస్తాయా, మెరిస్తే టార్చితో దూరం నుంచే కనిపెట్టొచ్చు గదా? మా రెండేళ్ల పాపకు కూడా మొన్న ఫోన్‌లో ఫోటో తీస్తే ఒక కన్ను పిల్లి కన్నులా తెల్లగా మెరిసింది. ఎప్పుడూ పిల్లితోనే ఆడుతుంది, దాని పోలిక వచ్చిందని నవ్వుకున్నాం.

జవాబు: అమ్మా, మీరు అడిగినవన్నీ చెప్తాను. కానీ మీరు అడగకుండా, చివర్లో మాటవరసకు రాసిన సంగతితోనే మొదలుపెట్టాలి. పాప కన్ను ఫోటోలో తెల్లగా మెరిసిందన్నారు. దయచేసి ఈ వారంలోనే పాపను కంటి డాక్టరుకు చూపించండి. రొయ్యల పట్టుబడి అయ్యాక వెళ్దాం, చేతిలో డబ్బు పడ్డాక చూద్దాం అని వాయిదా వేయొద్దు.

నేను పశువుల డాక్టరుని. పాప కంట్లో ఏముందో ఉత్తరం చదివి నేను చెప్పలేను. కంటి డాక్టరైనా ఫోటో ఒక్కటే చూసి తేల్చలేరు, కన్ను లోపలంతా చూడాల్సిందే. అయితే ఎందుకు చూపించమంటున్నానో మీకు తెలియాలి.

ఫ్లాష్ వేసి తీసిన ఫోటోలో మనిషి కన్ను మెరిస్తే ఎర్రగా మెరవాలి. కంటి వెనక గోడ నిండా రక్తనాళాలు ఉంటాయి. ఫ్లాష్ వెలుగు కనుపాప గుండా లోపలికి పోయి, ఆ రక్తపు పొర మీద పడి వెనక్కి వస్తుంది కాబట్టి ఆ ఎరుపు. ఇప్పటి ఫోన్లు చాలావరకు ఆ ఎరుపును వాటంతట అవే నల్లగా దిద్దేస్తాయి. కాబట్టి రెండు కళ్ళూ ఎర్రగా ఉన్నా, రెండూ నల్లగా ఉన్నా మామూలే. ఒక కన్ను ఎర్రగానో నల్లగానో ఉండి, రెండోది తెల్లగానో పసుపుగానో కనిపిస్తే మాత్రం ఊరుకోకూడదు.

అలా కనిపించడానికి కారణాలు చాలా ఉన్నాయి. పాప తల కాస్త పక్కకు తిప్పి ఉంటే, కంటి నరం మొదలయ్యే చోట ఫ్లాష్ పడి తెల్లగా రావచ్చు. అదైతే ఏ హానీ లేదు. చిన్నపిల్లలకూ శుక్లం వస్తుంది, అది కావచ్చు. రెటీనాకు, అంటే కంటి వెనక గోడకు అతికి ఉండి వెలుతురును పట్టుకునే పొరకు, వచ్చే వేరే జబ్బులు కావచ్చు. వీటన్నిటితో పాటు రెటినోబ్లాస్టోమా అనే కంటి క్యాన్సర్ ఒకటుంది. సుమారు 15 వేల నుంచి 20 వేల మంది పిల్లల్లో ఒకరికి వస్తుంది, అంటే అరుదే. కానీ వస్తే ఎక్కువగా ఐదేళ్లలోపే వస్తుంది. మొదట్లో నొప్పి ఉండదు, జ్వరం రాదు. బిడ్డ రెండో కంటితో అన్నీ చూస్తూ, ఆడుకుంటూ తిరుగుతుంటుంది కాబట్టి ఇంట్లో ఎవరికీ అనుమానం రాదు. చాలామంది బిడ్డల విషయంలో మొదటి ఆనవాలు ఇలా ఫోటోలో కనిపించిన తెలుపే. తొందరగా పట్టుకుంటే ప్రాణానికి ముప్పు దాదాపు తప్పుతుంది, చాలాసార్లు కన్ను కూడా దక్కుతుంది. నెలల తరబడి వదిలేస్తే కంటి నరం వెంట మెదడు దాకా పాకే ప్రమాదం ఉంది. అందుకే అది కాకపోవచ్చని తెలిసినా ఇంత గట్టిగా చెప్తున్నాను.

ఆ ఫోటో డిలీట్ చేయకండి, ఫోన్ వెంట తీసుకెళ్లండి. నెల్లూరు పెద్దాసుపత్రి కంటి విభాగంలో చూపించండి, లేదా మీకు అందుబాటులో ఉన్న కంటి డాక్టరు ఎవరైనా సరే. "కంట్లో చుక్కలు వేసి, కనుపాప పెద్దదయ్యాక వెనక రెటీనా అంతా చూడండి" అని నోరు తెరిచి అడగండి. పైపైన టార్చి వేసి చూసి, పెద్దయితే అదే పోతుందని ఎవరైనా పంపేస్తే దానితో సరిపెట్టుకోవద్దు, ఇంకొకరికి చూపించండి. మీ ఇంట్లోగానీ మీ ఆయన వైపుగానీ చిన్నతనంలో కన్ను పోయినవాళ్లు, కన్ను తీసేసినవాళ్లు ఉంటే ఆ మాట డాక్టరుకు చెప్పండి. అనుమానం ఉందంటే హైదరాబాదు ఎల్వీ ప్రసాద్ కంటి ఆసుపత్రిలో ఈ జబ్బుకు ప్రత్యేక వైద్యం ఉంది, డబ్బు కట్టలేని వాళ్లకు అక్కడ ఉచితంగా చూస్తారు. ఈలోగా పాప కంట్లో చనుబాలు, ఆముదం, ఆకుపసరు లాంటివేవీ పోయనివ్వకండి.

పాపకు పిల్లి పోలిక రావడం అనేది లేదు. మనిషి కంట్లో లేనిది, పిల్లి కంట్లో ఉన్నది ఒకటుంది. మీరు అడిగిన ప్రశ్నలన్నిటికీ జవాబు అందులోనే ఉంది.

ముందు మీ అత్తగారి అనుమానం. పిల్లి కంట్లో దీపం ఉంటే, దీపం లేని గదిలో కూడా వెలగాలి కదా. కిటికీలు, తలుపులు మూసేసి, ఫోన్ లైటు కూడా లేకుండా కటిక చీకటి చేసి, పిల్లిని ఒడిలో పెట్టుకుని కూర్చోమనండి. ఏమీ కనిపించదు. తల మీద చెయ్యి పెడితే తప్ప పిల్లి ఎటు చూస్తోందో కూడా తెలీదు. పూర్తి చీకట్లో జంతువుల కళ్ళు వెలగవనీ, బయటి వెలుతురునే అవి తిప్పి పంపుతాయనీ 1810లోనే ప్రెవో అనే శాస్త్రవేత్త చెప్పాడు. పిల్లికి కటిక చీకట్లో కళ్ళు కనిపించవు కూడా. దానికి చాలా కొంచెం వెలుతురు చాలు, అంతే. చుక్కల వెలుగో, దూరంగా గుంట మీద లైటు వెలుగో ఉంటే చాలు. మనం చూడగలిగే అతి తక్కువ వెలుతురులో దాదాపు ఆరో వంతు ఉన్నా పిల్లి చూడగలదు.

ఇంకో సంగతి మీరే పరీక్ష చేసి చూడొచ్చు. గట్టు మీద పిల్లి కూర్చున్నప్పుడు టార్చి మీ కణత పక్కన పెట్టుకుని దాని మీద వేయండి, కళ్ళు భగ్గుమంటాయి. అదే టార్చి నడుము దగ్గరకు దించి వేయండి, మెరుపు బాగా తగ్గిపోతుంది. మీ పక్కన నాలుగడుగుల దూరంలో నిలబడ్డ మనిషికి అసలు కనిపించకపోవచ్చు. వెలుగు ఏ దారిన కంట్లోకి పోయిందో దాదాపు అదే దారిన వెనక్కి వస్తుంది కాబట్టి, టార్చి ఉన్న చోటే చూసే కన్ను కూడా ఉండాలి. తలకు కట్టుకునే లైటు వేసుకున్న కాపలావాళ్లకు ఎన్నో కళ్ళు కనిపిస్తాయి, పక్కన నడిచేవాళ్లకు ఏమీ కనిపించవు. ఒకరు చూశారు, ఇంకొకరు చూడలేదు అన్న దగ్గరే దయ్యం కథలు పుడతాయని నా నమ్మకం. 1851లో హెల్మ్‌హోల్ట్జ్ అనే జర్మన్ శాస్త్రవేత్త కంటి లోపలికి చూసే పరికరం తయారు చేసింది కూడా ఈ కిటుకు పట్టుకునే. వెలుగునూ, చూపునూ ఒకే గీత మీదికి తెచ్చాడు. రేపు డాక్టరు పాప కంట్లోకి చూసే పరికరం దాని వారసత్వమే.

ఇక ఆ పొర సంగతి. కంటి లోపలి గోడకు రెటీనా అతికి ఉంటుంది. వెలుతురును పట్టుకునే కణాలు అందులో ఉంటాయి. మసక వెలుతురులో పనిచేసే కణాలు మనిషి కంటికి సుమారు 12 కోట్లు. అన్ని ఉన్నా, కంట్లోకి వచ్చిన వెలుతురు అంతా వాటికి చిక్కదు, కొంత దూరిపోయి వెనక్కి వెళ్లిపోతుంది. మనకు రెటీనా వెనక నల్లటి పొర ఉంది, అలా దూరిపోయినదాన్ని అది మింగేస్తుంది. పిల్లికి, కుక్కకి, నక్కకి, చిరుతపులికి, బర్రెకి, మేకకి అక్కడ వెలుతురును తిప్పికొట్టే మెరుపు పొర ఉంది. దాని శాస్త్రీయ నామం టపీటమ్ లూసిడమ్. తప్పించుకున్న వెలుతురు దానికి తగిలి వెనక్కి వస్తూ మళ్లీ అవే కణాల గుండా పోవాలి. వలను దాటిపోయిన చేప అవతల గట్టు తగిలి తిరిగొస్తూ అదే వలలో పడ్డట్టు, మొదటిసారి చిక్కనిది రెండోసారి చిక్కుతుంది. రెండోసారి కూడా చిక్కకుండా బయటకు వచ్చేసిన వెలుతురే మీ టార్చి ఎదుట కనిపించే మెరుపు. అంటే మీరు చూసేది ఆ జంతువు వాడుకోగా మిగిలిన వెలుతురు.

పిల్లి కంట్లో ఈ పొర కణాలతో కట్టింది. మధ్యలో 15 నుంచి 20 వరసల కణాలు ఇటుకల పేర్పులో ఉంటాయి, వాటిలో సన్నని కడ్డీలు బారులు తీరి ఉంటాయి. ఆ కడ్డీల్లో జింకు, బి2 విటమిన్ దండిగా ఉంటాయి. కుక్క కంట్లోనూ అమరిక ఇలాంటిదే, పదార్థమే కొంచెం వేరు. పిల్లికూనకు పుట్టగానే ఈ పొర తయారై ఉండదు, మూడు నాలుగు నెలల వయసు వచ్చేసరికి కుదురుకుంటుంది. అందుకే చిన్నకూనల కళ్ళ మెరుపు నీలంగా, ఇంకో రకంగా కనిపిస్తుంది.

బర్రె, ఆవు, గొర్రె, మేకలది వేరే పద్ధతి. వాటి కంట్లో ఈ పొర సన్నని పీచుతో అల్లింది. చర్మానికి, ఎముకలకు బలాన్నిచ్చే కొల్లాజెనే ఇక్కడ పొరలు పొరలుగా, కొలత తప్పకుండా పేర్చుకుని ఉంటుంది. అందులో రంగు అంటూ ఏమీ లేదు. పీచుల మధ్య ఎడం ఎంత ఉందో దాన్ని బట్టి నీలమో, ఆకుపచ్చో తిరిగి వస్తుంది. నెల్లూరు జోడిపి గొర్రెకూ, ఒంగోలు గిత్తకూ, మీ దారిలోని బర్రెకూ ఇదే ఏర్పాటు.

చచ్చిన మేక కన్ను కోసి చూసిన ప్రతిసారీ నాకు ఒకటే ఆశ్చర్యం. కంటి గుడ్డును ముందు సగం, వెనక సగంగా అడ్డంగా కోస్తే లోపల జిగట ద్రవం ఉంటుంది. దాన్ని తీసేశాక, వెనక గోడ మీద రెటీనా తెల్లటి పల్చటి తెరగా ముడుచుకుని ఉంటుంది. వేలితో దాన్ని మెల్లగా పక్కకు జరిపితే, కింద నుంచి నీలం, ఆకుపచ్చ కలిసిన మెరుపు బయటపడుతుంది. కాస్త అటూ ఇటూ తిప్పితే రంగు మారుతుంది. తలకాయలు కొట్టే వాళ్లను అడిగితే ఒక కన్ను ఇస్తారు, మీ ఊరి బడిపిల్లలకు ఇంతకంటే మంచి సైన్సు పాఠం ఇంకోటి ఉండదు. బాగా గమనించాల్సింది ఒకటుంది. ఆ మెరుపు గోడ అంతా ఉండదు, పై సగంలోనే ఉంటుంది. కింది సగం నల్లగా ఉంటుంది. కంట్లో బొమ్మ తలకిందులుగా పడుతుంది కదా, నేల నుంచి వచ్చే వెలుతురు పై సగం మీద పడుతుంది, ఆకాశం వెలుతురు కింది సగం మీద పడుతుంది. రాత్రి వేళ ఆకాశం కాస్త వెలుగ్గానే ఉంటుంది, చీకటిగా ఉండేది నేల. మేతా అక్కడే, గుంటలూ అక్కడే. ఎక్కడ అవసరమో అక్కడే ఆ పొర ఉంది.

ఉత్తర ధ్రువం దగ్గర ఉండే రెయిన్‌డీర్ అనే దుప్పి జాతికి కూడా ఇలాంటి పీచు పొరే ఉంది. ఎండాకాలంలో బంగారు రంగులో మెరిసే దాని కన్ను, నెలల తరబడి చీకటిగా ఉండే చలికాలంలో నీలంగా మారుతుందని 2013లో పరిశోధకులు చెప్పారు. కనుపాప ఎప్పుడూ తెరుచుకునే ఉండటంతో కంటి లోపల ఒత్తిడి పెరిగి, పీచులు దగ్గరగా నొక్కుకుపోవడమే కారణమట. ఎడం మారింది, రంగు మారింది.

ఇక మీ ఆయన రోజూ చూసే రొయ్యలు. చెక్ ట్రే నీళ్లలోంచి పైకి వస్తుండగా టార్చి వేస్తే, ముందు ఒళ్ళు కనిపించదు, జతలు జతలుగా కళ్ళే కనిపిస్తాయి. ఆ కన్ను మన కన్నుకూ, పిల్లి కన్నుకూ ఏ పోలికా లేని కన్ను. తూనీగకు, ఈగకు ఉన్నట్టే వేల చిన్న చిన్న కళ్ళు కలిసి ఒకటిగా ఉంటాయి. కానీ ఈగ కంటి గదులకు ఆరు మూలలుంటే, రొయ్య కంటి గదులు నలుచదరం. ఎందుకంటే ఆ గదుల గోడలే అద్దాలు. మన కంట్లో కటకం వెలుతురును వంచి ఒక చోట చేరుస్తుంది. రొయ్య కంట్లో ఆ నలుచదరపు గదుల గోడలు వెలుతురును తిప్పికొట్టి, ఎన్నో గదుల్లోంచి వచ్చినదాన్ని ఒకే చోట పోస్తాయి. 1970లలో క్లౌస్ ఫోగ్ట్, మైకేల్ లాండ్ అనే ఇద్దరు శాస్త్రవేత్తలు దీన్ని బయటపెట్టారు. అద్దాలతో దూరపు చుక్కలను చూసే టెలిస్కోపులు మనిషి చేసుకున్నాడు, రొయ్య కంట్లో ఆ ఉపాయం కోట్ల ఏళ్లుగా ఉంది. ఆ గోడలు చాలవన్నట్టు, వెలుతురును పట్టుకునే కణాల వెనక మళ్లీ ఒక మెరుపు పొర ఉంది. ఆ అద్దాలూ, ఈ పొరా రెండూ ఐసోజాంథోప్టెరిన్ అనే పదార్థపు అతి సూక్ష్మమైన స్ఫటికాలతో తయారైనవని 2018లో తేలింది.

పగలు అవే రొయ్యలను చూడండి, కళ్ళు నల్లగా ఉంటాయి. వెలుతురు ఎక్కువైనప్పుడు కంటి లోపల నల్లటి రంగు కదిలి వచ్చి ఆ మెరుపు పొరను కప్పేస్తుంది. చీకటి పడ్డాక పక్కకు తప్పుకుంటుంది. ఇది రెప్ప మూసినంత తేలికగా జరగదు, టైము పడుతుంది. కాబట్టి రాత్రి ఎర్రగా మెరిసే కళ్ళు జబ్బు గుర్తు కాదు. వనామీ రొయ్య అయినా, టైగర్ రొయ్య అయినా అంతే. రొయ్యకు జబ్బు వస్తే మేత తినడంలోనో, పేగులోనో, పెంకు మీదో వెతకండి, కంటి మెరుపులో వెతకొద్దు.

మరి ఇంత మేలైన పొర మనకెందుకు లేదు? మేలుతో పాటు నష్టం కూడా ఉంది కాబట్టి. వెనక్కి వచ్చే వెలుతురు అచ్చం వచ్చిన చుక్కకే తిరిగి పోదు, కాస్త చెదురుతుంది. దాంతో బొమ్మ అంచులు మసకబారతాయి. రాత్రి వేటకు ఎలుక కదలిక తెలిస్తే చాలు, దాని మీసాలు లెక్కపెట్టనక్కర్లేదు. మనది పగటి బతుకు. కాయ పండిందా లేదా, ఎదుటి మనిషి ముఖంలో కోపం ఉందా నవ్వు ఉందా, సూదిలో దారం ఎక్కిందా, ఇవి చూడాలి. కోతులకూ, మనకూ ఆ పొర లేకుండా నల్లటి పొర ఉండటం వల్లే అంత తేటగా చూడగలుగుతున్నాం. బదులుగా చీకటిలో వెనకబడ్డాం. మన కన్ను చీకటికి పూర్తిగా అలవాటు పడటానికి దాదాపు అరగంట పడుతుంది, ఒక్క క్షణం మొహం మీద టార్చి పడితే మళ్లీ మొదటికొస్తుంది. మీ ఆయన కాపలాలో ఊరికే ఫోన్ చూస్తుంటే గుంట అవతలి గట్టు కనిపించదు, ఆ మాట చెప్పండి.

మెరుపు రంగును బట్టి ఏ జంతువో తేల్చొచ్చా అని కొందరు అడుగుతుంటారు. నేను నమ్మను. ఒకే కన్ను ఒక వైపు నుంచి పచ్చగా, ఇంకో వైపు నుంచి పసుపుగా కనిపిస్తుంది. వయసు, జాతి కూడా రంగును మారుస్తాయి, సయామీస్ పిల్లుల కళ్ళు ఎర్రగా మెరవడం అందరికీ తెలిసిందే. రంగు కంటే నేల నుంచి కళ్ళు ఎంత ఎత్తులో ఉన్నాయి, రెండింటికీ మధ్య ఎడం ఎంత, ఎలా కదులుతున్నాయి అని చూడటం మేలు. గట్టు మీద గడ్డిలో మంచుచుక్క అనిపించేంత చిన్న మెరుపు కనిపించి, దగ్గరికి వెళ్తే సాలీడు ఉంటుంది. నేల మీద పరిగెత్తి వేటాడే సాలీళ్ల కళ్ళకూ ఈ పొర ఉంది. అది తెలిశాక మీకు ఆ గట్టు ఎంత నిండుగా ఉందో అర్థమవుతుంది.

కానీ మెరుపును నమ్ముకుని నడవడం, బండి నడపడం ప్రమాదం. పందికి ఈ పొర లేదు. ఉదయగిరి, ఆత్మకూరు వైపు రోడ్ల మీదికి వచ్చే అడవి పంది ఎదురుగా నిలబడి మన వైపే చూస్తున్నా దాని కళ్ళు అలా మెరవవు. నల్లటి ఒళ్ళు, మెరవని కళ్ళు, బండి దానికి తగిలేదాకా తెలియదు. బర్రె కళ్ళు మెరుస్తాయి గానీ, మన వైపు తిరిగి ఉంటేనే. రోడ్డుకు అడ్డంగా పడుకుని అటు చూస్తున్న బర్రె చీకట్లో చీకటే. హైవే మీద గీతల పక్కన మెరిసే బిళ్లలు ఉంటాయి చూడండి, వాటిని 1934లో ఇంగ్లండుకు చెందిన పెర్సీ షా పేటెంట్ చేశాడు, వాటి పేరే అక్కడ పిల్లికళ్ళు. లైటు ఎటు నుంచి వస్తే అటే తిప్పి పంపడం వాటి పని. అలాంటి మెరిసే టేపు నాలుగు అంగుళాల ముక్క బర్రె కొమ్ములకు చుట్టండి, మెడ తాడుకు ఇంకోటి. సైకిల్ షాపుల్లో, ఆటో సామాన్ల షాపుల్లో దొరుకుతుంది. మీరు క్యారేజీ పట్టుకుని నడిచేటప్పుడు సంచికి కూడా ఒక ముక్క అంటించుకోండి, మన కళ్ళు ఎవరి లైటుకూ మెరవవు కదా. బండి మీద వెళ్తూ పశువు కనిపిస్తే ఫుల్ లైటు వేసి హారన్ మోగించొద్దు. ఆ వెలుగుకు దాని కళ్ళు చెదిరి ఎటు పోవాలో తెలియక రోడ్డు మధ్యలోనే ఆగిపోతుంది. డిమ్ చేసి, వేగం తగ్గించండి.

పాము విషయం ఇంకా ముఖ్యం. పాము కంట్లో ఈ పొర లేదు. నాగుపాము అయినా, కట్లపాము అయినా, పింజర అయినా టార్చికి కళ్ళు మెరవవు. దూరం నుంచి కళ్ళు కనిపించలేదు కాబట్టి దారి బాగుందనుకోవద్దు. టార్చి దూరంగా వేయడం మాని, మీరు వేయబోయే రెండు మూడు అడుగుల మీద వేయండి. గట్టు మీద నడిచేటప్పుడు కాళ్లకు గమ్ బూట్లు ఉండాలి. చేతిలో కర్ర ఉంటే నేల మీద తట్టుకుంటూ నడవండి. మేత బస్తాల దగ్గర, నీళ్లలో గాలి కలిపే ఏరియేటర్ల పక్కన చెయ్యి పెట్టే ముందు లైటు వేసి చూడండి. మీ ఆయన కాపలా గుడిసెలో నేల మీద పడుకుంటుంటే మంచం ఏర్పాటు చేయండి, దోమతెర అంచులు పరుపు కిందికి దోపాలి. కట్లపాము ఎక్కువగా నిద్రలో ఉన్నవాళ్లనే కరుస్తుంది, కాటు నొప్పి కూడా పెద్దగా తెలీదు. ఏదైనా కరిస్తే కట్లు బిగించడం, కోయడం, మంత్రం వేయించడం వద్దు. కాలు కదలకుండా ఉంచి, విషానికి విరుగుడు ఇంజెక్షన్ ఉన్న ఆసుపత్రికి తీసుకెళ్లడమే.

మేత బస్తాల కోసం గుంటల దగ్గరికి ఎలుకలు వస్తాయి. ఎలుకల కోసం పాములు వస్తాయి. ఎలుకలను పట్టేది మీ పిల్లే, పట్టగలుగుతున్నది ఆ మెరిసే కళ్ళ వల్లే. కాబట్టి తరమొద్దు. మీ అత్తగారి భయంలో ఒక్క నిజం ఉంది, పసిబిడ్డ ఉన్న ఇంట్లో పిల్లి విషయంలో జాగ్రత్త కావాలి. పశువుల ఆసుపత్రికి తీసుకెళ్లి రేబిస్ టీకా వేయించండి, ఏడాదికోసారి మళ్లీ వేయించాలి. నులిపురుగుల మందు కూడా అడగండి. పాప నిద్రపోయే ఉయ్యాల్లోకి పిల్లిని రానివ్వకండి, పిల్లి మట్టిలో కప్పిన పెంట దగ్గర పాపను ఆడనివ్వకండి. పాపను గీరినా, కరిచినా పసుపు అద్ది వదిలేయకుండా, ధార కింద సబ్బుతో పావుగంట కడిగి, అదే రోజు ఆసుపత్రిలో చూపించండి. టీకా వేయించిన పిల్లి అయినా సరే.